స్నో బూట్లలోకి తడి ఎక్కడి నుంచి వస్తోంది?

షికాగో, టొరంటోల్లో బూట్లకు అసలు పరీక్ష మంచు కురిసిన రోజు కాదు, అది కరిగి ఉప్పుతో కలిసి బురదయ్యే రోజు. ఇంటికి రాగానే సాక్సు విప్పి, తడి ఎక్కడుందో చూడండి. సగం సంగతి అక్కడే తెలుస్తుంది.

వేళ్ల దగ్గర మాత్రమే తడి
సోల్ అతుకు ఊడి ఉంటుంది. ఇన్‌సోల్ (పాదం కింది మెత్త), లైనర్ (బయటికి తీయగలిగే లోపలి వెచ్చటి పొర) తీసేసి లోపల పొడి న్యూస్‌పేపర్ కూరండి. టబ్బులో 2 అంగుళాల నీళ్లు పోసి, బూటు తేలకుండా బరువు పెట్టి 15 నిమిషాలు ఉంచండి. కాగితం ముందుగా తడిసిన చోటే చిల్లు. రెండు రోజులు ఆరనిచ్చి, అతుకును గరుకు కాగితంతో రుద్ది, స్పిరిట్‌తో తుడిచి, యురేథేన్ షూ జిగురు పల్చగా పట్టించండి. రబ్బరు బ్యాండ్లు బిగించి 24 గంటలు ముట్టుకోవద్దు. సూపర్ గ్లూ జోలికి పోకండి, అది గాజులా గట్టిపడి నడకలో సోల్ వంగగానే పగులుతుంది.

చీలమండ చుట్టూ తడి
నేరం బూటుది కాదు, జీన్స్‌ది. బూటులోకి దోపిన కాటన్ జీన్స్, వత్తి నూనె పీల్చినట్టు నీళ్లను లోపలికి లాగుతుంది. పైన వాటర్‌ప్రూఫ్ ప్యాంటు వేసి, దాని అంచు బూటు బయటికి వదలండి.

అంతటా ఒకేలా చెమ్మ, చిల్లు మాత్రం దొరకదు
అది చెమట. రబ్బరు బూటులో ఆవిరికి దారే లేదు. మెంబ్రేన్ (నీటిని ఆపి, ఆవిరిని బయటికి వదిలే పల్చటి పొర) ఉన్న బూటైతే పైన నీటిచుక్క వేసి చూడండి. ముత్యంలా జారితే సరే. ఇంకి మచ్చ పడితే బూటు కడిగి, వాటర్‌ప్రూఫింగ్ స్ప్రే మళ్లీ కొట్టాలి. సాక్సులు ఉన్నివే వాడండి, అదీ ఒక్క జతే. కొత్తగా వచ్చినవాళ్లు రెండు జతల కాటన్ సాక్సులు ఇరికిస్తారు. కాటన్ చెమటను పట్టి ఉంచుతుంది, బిగువుకు రక్తం సరిగా ఆడదు, వేళ్లు ఇంకా చల్లబడతాయి.

తెల్ల చారలు
రోడ్డు ఉప్పు. ఒక వంతు తెల్ల వినెగర్, రెండు వంతుల నీళ్లు కలిపి బట్టతో తుడిచి, తర్వాత మంచినీళ్ల బట్టతో తుడవండి. ఆలస్యమైతే తోలు బీటలు వారుతుంది.

తెల్లారినా ఆరలేదు
హీటర్ మీద పెడితే జిగురు వదులుతుంది. లైనర్ బయటికి తీసి, లోపల న్యూస్‌పేపర్ కుక్కి గంటకోసారి మార్చండి. ఫ్యాన్ గాలి తగిలితే చాలు.

సోల్ పొడిపొడిగా రాలుతోంది
ఇండియా తెచ్చి ఏళ్ల తరబడి బీరువాలో దాచిన బూట్లకు ఇది మామూలే. గాలిలో చెమ్మకు సోల్‌లోని పాలీయురేథేన్ అనే ప్లాస్టిక్ లోలోపలే విరిగిపోతుంది, ఏ జిగురూ నిలవదు. మళ్లీ చలిదేశం వెళ్లే పనుంటే నెల ముందే వేసుకుని ఇంట్లో ఒక గంట నడిచి చూడండి.