మందుచీటీలో టెల్మిసార్టాన్: పేరు చదివే తీరు, మాత్ర వాడే తీరు

హిందూపురం నుంచి మా పెద్దమ్మ బెంగళూరుకు వచ్చినప్పుడు ఆమె చేతిసంచిలో ఒక బీపీ మాత్రల స్ట్రిప్ ఉంది. ఇక్కడ మా వీధి చివరనున్న డాక్టరు ఆమెను పరీక్షించి మరొక మాత్ర రాసిచ్చారు. పాతది ఉన్నదని మేము చెప్పలేదు, ఉన్నదా అని ఆయనా అడగలేదు. తొమ్మిది రోజుల తరువాత, పొద్దున మంచం మీద నుంచి లేచిన పెద్దమ్మ కళ్ళు తిరిగి గోడ పట్టుకొని కూర్చుండిపోయినప్పుడు, రెండు స్ట్రిప్పులనూ పక్కపక్కన పెట్టి అచ్చు ఉన్న వైపు చదివాను. రంగులో మెరుస్తున్న కంపెనీ పేర్లకు ఒకదానితో ఒకదానికి పొంతన లేదు. వాటి పైన నల్ల అక్షరాలతో మాత్రం రెండింటిమీదా ఒకే మాట ఉంది: టెల్మిసార్టాన్, 40 మిల్లీగ్రాములు. "అదొక రంగు షీటు, ఇదొక రంగు షీటు. రెండూ ఒకటేనని నాకెవరు చెప్పినారు నాయనా?" అని ఆమె అడిగితే మా దగ్గర జవాబు లేదు.

ఒక మందుకు కంపెనీ పెట్టుకునే పేరు ఒకటి, అందులోని పదార్థానికి దేశదేశాల్లో చెల్లే పేరు మరొకటి. మొదటిది ఊరూరికీ, షాపు షాపుకూ మారుతుంది. రెండోది హిందూపురంలోనైనా బెంగళూరు హెబ్బాళలోనైనా మారదు. సొంత ఊళ్ళో ఒక డాక్టరు, పిల్లల దగ్గరికి వచ్చినప్పుడు బెంగళూరులో ఇంకొక డాక్టరు ఉన్న పెద్దవాళ్ళు మన ఇళ్ళలో చాలామందే ఉంటారు కాబట్టి, ఇంట్లో కనీసం ఒకరైనా ఆ రెండో పేరును చదవడం నేర్చుకోవాలి. అది పెద్ద చదువేమీ కాదు. టెల్మిసార్టాన్ అనే ఒక్క మాటను పట్టుకొని చూస్తే మిగిలిన బీపీ మందుల పేర్లు కూడా చాలావరకు అర్థమవుతాయి.

ఇంటిపేరు చివర ఉంటుంది

మనకు ఇంటిపేరు ముందు వస్తుంది, సొంత పేరు తరువాత వస్తుంది. మందుల పేర్లలో ఇది తలకిందులు. 'సార్టాన్' అనేది ఇంటిపేరు. 'టెల్మి' అనేది ఆ ఇంట్లో ఈ ఒక్కదాన్ని గుర్తుపట్టడానికి తగిలించిన ముందుముక్క, అంతకు మించి దానిలో అర్థం వెతకనక్కరలేదు. ఈ నామకరణాన్ని నడిపించేది ప్రపంచ ఆరోగ్య సంస్థ. 1950లో తీర్మానం చేసి, 1953లో తొలి పేర్ల జాబితాను ప్రచురించినప్పటి నుంచి, ఒకే విధంగా పనిచేసే మందులకు పేరులో ఒకే గుర్తుముక్క ఉండేలా ఆ సంస్థ చూస్తోంది. లోసార్టాన్, వల్సార్టాన్, ఓల్మెసార్టాన్, కాండెసార్టాన్, అజిల్సార్టాన్ అన్నీ ఒక ఇంటివే. వీటిలో అన్నింటికన్నా ముందు బజారుకు వచ్చినది లోసార్టాన్. దానికి అమెరికాలో 1995లో అనుమతి వస్తే, టెల్మిసార్టాన్‌కు 1998లో వచ్చింది.

బీపీ మందుల్లో ఇలాంటి ఇళ్ళు ఇంకా మూడు ముఖ్యమైనవి ఉన్నాయి. రామిప్రిల్, ఎనలాప్రిల్ వంటివి 'ప్రిల్' ఇంటివి. అటెనోలోల్, మెటోప్రోలోల్ 'ఓలోల్' ఇంటివి. ఆమ్లోడిపిన్, సిల్నిడిపిన్ 'డిపిన్' ఇంటివి, ఆ ముక్క డైహైడ్రోపిరిడిన్ అనే రసాయనం పేరు నుంచి వచ్చింది. తోకను పట్టుకుంటే పూర్తిగానే పట్టుకోవాలి, సగం పట్టుకుంటే చిక్కు. ఒలాంజపిన్, కార్బమజెపిన్ కూడా 'పిన్' తోనే ముగుస్తాయి, కానీ మొదటిది మానసిక వైద్యంలో వాడేది, రెండోది ముఖ్యంగా మూర్ఛకు ఇచ్చేది. 'డిపిన్' అని మొత్తం వినిపిస్తేనే అది బీపీ మందు.

సార్టాన్ల పని తెలియాలంటే ఆంజియోటెన్సిన్ అనే పదార్థం గురించి రెండు మాటలు తెలియాలి. మూత్రపిండాలు విడుదల చేసే రెనిన్‌తో మొదలై, రక్తంలో ఒకదాని వెంట ఒకటిగా జరిగే మార్పుల చివర తయారయ్యే ఈ పదార్థం, రక్తనాళాల గోడలలోని గ్రాహకాలకు అతుక్కొని నాళాలను బిగిస్తుంది. ఒంట్లో ఉప్పునూ నీటినీ నిలిపి ఉంచుతుంది. రెండు విధాలా రక్తపోటు పెరుగుతుంది. దీని పేరు వెనుకా ఒక ముచ్చట ఉంది. 1940 ప్రాంతంలో అమెరికాలో ఒక బృందం, అర్జెంటీనాలో మరొక బృందం విడివిడిగా దీన్ని కనుగొని, ఒకరు ఆంజియోటోనిన్ అనీ ఇంకొకరు హైపర్‌టెన్సిన్ అనీ పిలిచారు. ఒకే పదార్థానికి రెండు పేర్లు ఇరవై ఏళ్ళకు దగ్గరగా నడిచాక, 1958లో ఇద్దరూ రాజీపడి చెరొక సగం కలిపి ఆంజియోటెన్సిన్ అన్నారు. మా పెద్దమ్మకు వచ్చిన చిక్కే శాస్త్రజ్ఞులకూ వచ్చిందన్నమాట. టెల్మిసార్టాన్ ఆ గ్రాహకాలలో ముందుగానే వెళ్ళి కూర్చుంటుంది. ఆంజియోటెన్సిన్ వచ్చేసరికి చోటుండదు, నాళాలు బిగుసుకోవు. 'ప్రిల్' మందులు దీనికి ఒక మెట్టు వెనుక, ఆంజియోటెన్సిన్ తయారీనే ఆపుతాయి. వాటితో కొందరికి పొడిదగ్గు వస్తుంది. అప్పుడు డాక్టర్లు సాధారణంగా 'ప్రిల్' మాన్పించి 'సార్టాన్' రాసేది ఇందుకే.

స్ట్రిప్ మీద ఏమి చదవాలి

స్ట్రిప్‌ను తిప్పి అచ్చు ఉన్న వైపు చూడండి. 'టెల్మిసార్టాన్ ట్యాబ్లెట్స్ ఐపీ 40 ఎంజీ' అన్న వరుస మొదట వెతకాలి. ఐపీ అంటే ఇండియన్ ఫార్మకోపియా, అంటే మన దేశపు ప్రమాణ గ్రంథంలో ఉన్న కొలతల ప్రకారం తయారైనదని అర్థం. మాత్ర బలం ఆ చివరి అంకె. పదార్థం పేరును కంపెనీ పేరు కన్నా పెద్ద అక్షరాలతో అచ్చువేయాలన్న నిబంధన 2018 సెప్టెంబరు నుంచి చాలా మందులకు అమలులోకి వచ్చింది, కానీ రంగూ అక్షరాల సొగసూ కంపెనీ పేరుకే ఉండటం వల్ల చూపు ముందు అక్కడికే పోతుంది. టెల్మా, టెల్మికైండ్ వంటి పేర్లలో కనీసం మొదటి ముక్క వినిపిస్తుంది. టాజ్‌లాక్, క్రెసార్ అన్నవి కూడా టెల్మిసార్టానేనని పేరును బట్టి ఎవరూ పోల్చుకోలేరు.

ఇక అసలు తికమక పేరు చివరి ఇంగ్లీషు అక్షరాలతో వస్తుంది. 'ఏఎం' అని ఉంటే అందులో టెల్మిసార్టాన్‌తో పాటు ఆమ్లోడిపిన్ కూడా కలిసి ఉందని సాధారణంగా అర్థం. పొద్దున వేసుకోవాలని కాదు. ఇలా అనుకొని 'ఏఎం' ఉన్నదాన్ని ఉదయమూ, లేనిదాన్ని రాత్రీ వేసుకున్న ఒక పెద్దాయన మా అపార్టుమెంటులోనే ఉన్నారు. 'హెచ్' అని ఉంటే హైడ్రోక్లోరోథయజైడ్, 'సీటీ' అని ఉంటే క్లోర్‌థాలిడోన్ కలిసి ఉంటుంది. ఈ రెండూ మూత్రం ఎక్కువగా పోయేలా చేసి బీపీని తగ్గించే మందులు, కాబట్టి రాత్రి నాలుగుసార్లు లేవకుండా ఉండాలంటే వీటిని ఉదయమే వేసుకోవడం మేలు. అదే స్ట్రిప్ మీద ఎర్ర గీత పక్కన 'షెడ్యూల్ హెచ్' అని కనిపించే హెచ్‌కు దీనితో సంబంధం లేదు. అది డాక్టరు చీటీ లేకుండా అమ్మకూడదని చెప్పే హెచ్. ఈ అక్షరాలు కంపెనీలు తమ వీలునుబట్టి పెట్టుకునేవి కాబట్టి, వాటినే నమ్ముకోకుండా 'ఈచ్ ట్యాబ్లెట్ కంటైన్స్' అన్న చిన్న వరుస కింద ఎన్ని పేర్లు ఉన్నాయో లెక్కపెట్టడం ఉత్తమం. రెండు పేర్లుంటే ఒక బిళ్ళలో రెండు మందులు ఉన్నట్లు.

షాపులో పది మాత్రల స్ట్రిప్‌ను కత్తెరతో కత్తిరించి అయిదు ఇచ్చినప్పుడు, పేరూ గడువు తేదీ ఉన్న ముక్క మీకు వచ్చిందో లేదో అక్కడే చూసుకోండి. రాకపోతే సెల్‌ఫోనుతో ఫోటో తీసుకోండి.

చీటీలోని అంకెలు, కౌంటరులోని కన్నడం

1-0-0 అంటే పొద్దున ఒకటి, మధ్యాహ్నం లేదు, రాత్రి లేదు. ఓడీ అంటే రోజుకు ఒకసారి, బీడీ అంటే రెండుసార్లు, హెచ్ఎస్ అంటే పడుకునే ముందు. కంటి డాక్టరు చీటీలో ఓడీ అంటే కుడి కన్ను అని గుర్తుంచుకుంటే చాలు, మిగిలినచోట ఇబ్బంది లేదు.

బెంగళూరులో కౌంటరు వెనుక ఉన్న కుర్రవాడు కన్నడంలో చెప్పే మాటలు మన చెవికి తెలిసినట్టే వినిపించి మోసం చేస్తాయి. కన్నడం 'మాత్రె', మన 'మాత్ర' ఒకటే, అంతవరకు హాయి. కానీ 'తిండి ఆద మేలె' అని అతను అంటే ఉదయం టిఫిన్ చేశాక అని అర్థం, మనవాళ్ళు దాన్ని ఏ పూట తిండి అయినా సరే అనుకుంటారు. 'ఊటక్కె ముంచె' అంటే భోజనానికి ముందు. అందులో మన ఊటా లేదు, ముంచడమూ లేదు. అదృష్టం ఏమిటంటే టెల్మిసార్టాన్‌ను భోజనానికి ముందైనా తరువాతైనా వేసుకోవచ్చు. షుగరు మాత్రల విషయంలో ఇదే పొరపాటు చేస్తే అంత తేలికగా పోదు.

రోజూ వేసుకునేటప్పుడు

పెద్దవాళ్ళకు సాధారణంగా రోజుకు 40 మిల్లీగ్రాములతో మొదలుపెడతారు. అవసరాన్ని బట్టి డాక్టరు 20కి తగ్గించవచ్చు, 80 వరకు పెంచవచ్చు. దాని ప్రభావం ఇంచుమించు 24 గంటలు నిలుస్తుంది కాబట్టి రోజుకు ఒకటే, కాకపోతే రోజూ ఒకే వేళకు. రెండు రోజులు వేసుకొని బీపీ దిగలేదని మందును తిట్టకూడదు, పూర్తి ఫలితం కనిపించడానికి దాదాపు నాలుగు వారాలు పడుతుంది. ఒక పూట మరిచిపోతే గుర్తుకు వచ్చినప్పుడు వేసుకోవచ్చు. మరుసటి మాత్ర వేళ దగ్గరపడితే మాత్రం మరిచినదాన్ని వదిలేయాలి, రెండు కలిపి వేసుకోకూడదు. బీపీ మామూలుగా ఉందని సొంతంగా మానేయడం మన ఇళ్ళలో జరిగే పెద్ద తప్పు, ఎందుకంటే ఆ మామూలు అంకె మందు చేస్తున్న పనే.

పిల్లలు ప్రేమతో కొనిచ్చే వారం డబ్బాలు, అంటే ఏడు గళ్ళ ప్లాస్టిక్ పెట్టెలు, ఈ మందుకు పనికిరావు. టెల్మిసార్టాన్ గాలిలోని తేమను పీల్చుకుంటుంది. దాన్ని రెండు వైపులా అల్యూమినియం ఉన్న మందపాటి స్ట్రిప్‌లో పెట్టడానికి కారణం అదే. వేసుకునే నిమిషంలోనే మాత్రను బయటికి తీయాలి. సగం విరిచి మిగిలిన సగాన్ని కాగితంలో చుట్టి దాచడం కూడా ఇందుకే కూడదు. డబ్బా వాడక తప్పదంటే స్ట్రిప్‌ను మాత్ర చుట్టూ కత్తిరించి, రేకుతో సహా గడిలో పెట్టండి.

దేనితో కలపకూడదో కూడా పేరు చదవగలిగితేనే తెలుస్తుంది. ఒక సార్టాన్ ఉండగా మరొక సార్టాన్ వద్దు. సార్టాన్‌తో ప్రిల్ కలపడం కూడా మంచిది కాదు. 25,620 మందితో జరిపి 2008లో ప్రచురించిన ఆన్‌టార్గెట్ పరిశోధనలో టెల్మిసార్టాన్, రామిప్రిల్ రెండూ కలిపి వాడినవారికి అదనపు మేలేమీ కనిపించలేదు, బీపీ మరీ పడిపోవడం, మూత్రపిండాల ఇబ్బంది మాత్రం పెరిగాయి. మోకాళ్ళ నొప్పులకు చీటీ లేకుండా కొనే డైక్లోఫెనాక్, ఐబుప్రొఫెన్ బీపీ మందు ఫలితాన్ని తగ్గిస్తాయి. 'హెచ్' లేదా 'సీటీ' కలిసిన మాత్ర వేసుకునేవారు ఈ నొప్పి మాత్రలను తోడు చేస్తే మూత్రపిండాల మీద మూడు వైపుల నుంచీ భారం పడుతుంది. సార్టాన్లు ఒంట్లో పొటాషియంను పెంచే అవకాశం ఉంది. సోడియం తక్కువని చెప్పి అమ్మే ఉప్పులో చాలాసార్లు పొటాషియం క్లోరైడ్ ఉంటుంది కాబట్టి, బీపీకి మంచిదని దాన్ని కొనేముందు డాక్టరును అడగాలి. మూత్రపిండాల జబ్బు ఉన్నవారు రోజూ తాగే కొబ్బరి నీళ్ళ సంగతి కూడా చెప్పాలి. మందు మొదలుపెట్టిన కొన్ని వారాలకు, తరువాత అప్పుడప్పుడు, క్రియాటినిన్ (మూత్రపిండాల పనితీరు తెలిపేది), పొటాషియం రక్తపరీక్షలు చేయించడం డాక్టర్ల ఆనవాయితీ.

గర్భిణులు టెల్మిసార్టాన్ వాడకూడదు, కడుపులోని బిడ్డకు హాని చేస్తుంది. ఈ మాత్ర వాడుతూ గర్భం వచ్చినట్టు తెలిస్తే ఆ రోజే డాక్టరుకు చెప్పాలి. పెదవులు, ముఖం, గొంతు వాచితే వెంటనే ఆసుపత్రికి వెళ్ళాలి. వాంతులు, విరేచనాలు పట్టుకున్న రోజున మాత్ర వేయాలా ఆపాలా అన్నది ఫోనులోనైనా డాక్టరును అడిగి తేల్చుకోవాలి, ఎందుకంటే ఒంట్లో నీరు తగ్గినప్పుడు ఈ మందుతో బీపీ మరీ కిందికి పోవచ్చు.

చివరగా ఒక చీటీ రాసి పెద్దవాళ్ళ సంచిలో పెట్టండి. మా పెద్దమ్మకు రాసిచ్చినది విజిటింగ్ కార్డంత అట్టముక్క. దాని మీద పదార్థం పేరు తెలుగులోనూ ఇంగ్లీషులోనూ, ఎన్ని మిల్లీగ్రాములు, ఏ పూట, ఎప్పటి నుంచి, ఎవరు రాశారు అన్నవి మాత్రమే ఉన్నాయి. కంపెనీ పేరు వేయలేదు. ఏ ఊళ్ళో ఏ డాక్టరు దగ్గరికి వెళ్ళినా ఆమె కుర్చీలో కూర్చోకముందే ఆ అట్టను బల్ల మీద పెడుతుంది. షాపువాడు పాత రంగు షీటు లేదని వేరే రంగుది ఇస్తే, అద్దాలు పెట్టుకొని "సార్టాన్ ఎక్కడుందో వేలు పెట్టి చూపించు నాయనా" అని అడిగి, అట్టమీది అక్షరాలతో సరిచూసుకున్నాకే డబ్బులు తీస్తుంది.