ఊహాలోకం కట్టడం – 4వ పాఠం: రాజ్యం ఎంతదూరం సాగుతుంది?

కిందటి పాఠంలో గీసిన పటం ముందు పెట్టుకోండి. కొండలు, నదులు, తీరం, వానగాలి ఎటునుంచి వీస్తుందో చూపే బాణం గుర్తు అందులో ఉండాలి. గాలికి ఎదురుగా ఉన్న కొండవాలు పచ్చగా, వెనకవాలు ఎండుగా రంగు వేశారా? వెయ్యకపోతే ముందు ఆ పని కానివ్వండి, ఈ పాఠమంతా దాని మీదే నడుస్తుంది. పెన్సిలు, స్కేలు, కంపాస్ చాలు. రాజులూ వంశవృక్షాలూ ఇప్పుడే వద్దు.

చాలామంది సరిహద్దు గీతతో మొదలుపెడతారు. దాంతో ఇంచుమించు ఒకే సైజున్న ఆరేడు రాజ్యాలు, ఒక్కోదానికి నట్టనడుమ ఒక రాజధాని తయారవుతాయి. చూడగానే అబద్ధమని తెలిసిపోతుంది. సరిహద్దు ఆఖర్న రావాలి. ముందు తిండి లెక్క.

మనిషికి రోజుకు కిలో ధాన్యం అనుకోండి. రెండెద్దుల బండి 500 కిలోలు మోస్తుంది, రోజుకు 20 కిలోమీటర్లు పోతుంది అనుకుందాం. దారిలో మేత దొరకని చోట ఎద్దులకు 20 కిలోలు, బండివాడికి ఒకటి, మొత్తం రోజుకు 21 కిలోలు బండిలోంచే తగ్గుతాయి. 80 కిలోమీటర్ల దూరం వెళ్ళిరావడానికి 8 రోజులు. 168 కిలోలు ఖర్చు, నగరానికి దిగేవి 332. 160 కిలోమీటర్లయితే దిగేవి 164 మాత్రమే. 240 దగ్గర ఖర్చు 504 కిలోలు, అంటే ఆ బండి కట్టకపోవడమే మేలు. దారిపొడవునా గడ్డి ఉంటే ఈ లెక్క బాగా సడలుతుంది, కొండదారైతే ఇంకా బిగుస్తుంది. పడవకు మేత అక్కర్లేదు. ప్రాచీన రోము నగరానికి సముద్రం దాటి ఈజిప్టు ధాన్యం రావడం వెనక ఉన్నది ఈ లెక్కే.

ఇప్పుడు కంపాస్ తీయండి. పటంలో పచ్చటి నేల, నీరు రెండూ కలిసిన చోటల్లా చుక్క పెట్టి, 80 కిలోమీటర్ల వ్యాసార్థంతో వృత్తం గీయండి. పడవలు తిరిగే నది పక్కన ఉంటే ఆ వృత్తాన్ని నది వెంబడి సాగదీయండి. నగరానికి ఎగువన ఎక్కువ సాగదీయాలి, ఎందుకంటే ధాన్యం పడవ ప్రవాహంతో కిందికి తేలిగ్గా దిగుతుంది. దిగువ నుంచి ఎదురీదాలి కాబట్టి అటు తక్కువ. పక్కపక్క వృత్తాలు ఒకదాని మీద ఒకటి పడ్డ చోటే యుద్ధాలు. ఏ వృత్తమూ తాకని నేల ఎవరిదీ కాదు, దాన్ని ఖాళీగానే వదిలేయండి. పటం నిండకపోతే ఏదో వెలితి అనిపిస్తుంది గానీ ఆ ఖాళీల్లోనే మంచి కథలు దొరుకుతాయి.

వార్త వేగం వేరు. పారశీక సామ్రాజ్యంలో సార్డిస్ నుంచి సూసా దాకా రాజమార్గం మీద 111 మజిలీలు, కాలినడకన 90 రోజులు అని పాత గ్రీకు లెక్క. గుర్రాలు మార్చుకుంటూ పోయే వార్తాహరులు అందులో చిన్న భాగంలోనే చేరేవారు. కాబట్టి ధాన్యం అందని దూరానికి కూడా ఆజ్ఞ అందుతుంది. పటంలో వృత్తం దాటిన ప్రాంతాన్ని సామంతుడికి అప్పగించండి. అతను కప్పం పంపుతాడు. వెండి, తోళ్ళు, గుర్రాలు లాంటివి, ఎక్కువ దూరం మోసినా గిట్టేవి. ధాన్యం పంపే సామంతుడు మీ పటంలో ఉంటే, మధ్యలో నది ఉందో లేదో మళ్ళీ చూసుకోండి.

ఇక జనాలు. ఒక జాతికి ఒక రాజ్యం, ఒక గుణం అంటగట్టడం అన్నిటికంటే పెద్ద తప్పు: ‘కొండవాళ్ళు కోపిష్టులు, తీరంవాళ్ళు వ్యాపారులు’ తరహా. గుణం పక్కనపెట్టి ఏడాదిలో ఏ నెల ఎక్కడుంటారు, ఏం తింటారు అన్నది రాయండి. ఉదాహరణకు దుమెలు అనే గొర్రెల కాపరులు ఎండాకాలం పై పచ్చికల్లో, చలికాలం కింది మైదానంలో ఉంటారు. మైదానం తవరుల రాజుది. కొండమీద మందలు లెక్కపెట్టడం అతని మనుషులకు సాధ్యం కాదు. అందుకని కనుమ దగ్గర ఒక్కొక్క గొర్రే పట్టేంత ఇరుకుగా రాతిగోడ కట్టి, దిగేటప్పుడు లెక్కపెడతారు. ఇరవైకి ఒకటి సుంకం. దుమెలు మందలో సగాన్ని ముందు రాత్రే పక్క కనుమలోంచి దింపేస్తారు. సుంకం అధికారికి ఆ సంగతి తెలుసు, అతని వంటింట్లో మాంసానికి కరువుండదు. ఈ ఏడు వాక్యాల్లో రెండు జాతులు, ఒక చట్టం, ఒక లంచం వచ్చేశాయి, ఎవరి స్వభావం గురించీ ఒక్క మాట రాయకుండానే.

సైన్యం గురించి ఇప్పటికి ఒక్క లెక్క. పదివేలమంది దండుకు రోజుకు పది టన్నుల ధాన్యం, అంటే 20 బండ్లు. పది రోజులకు 200, గుర్రాల దాణా కాక. నవలల్లో లక్షమంది దండు మంచుకొండ దాటేస్తుంటే ఆ బండ్లు ఎక్కడున్నాయో అడగండి.

అభ్యాసం: మీ పటంలో ఏదో ఒక్క కనుమ, లేదా రేవు, లేదా వంతెన ఎంచుకోండి. అక్కడ ఎవరు ఎవరి దగ్గర, ఏ నెలలో, ఏ వస్తువు మీద సుంకం వసూలు చేస్తారో, దాన్ని ఎలా ఎగ్గొడతారో పది వాక్యాల్లో రాయండి. తర్వాత ఒక్కో భాష మాట్లాడే ప్రాంతానికి ఒక్కో రంగు వేయండి. రంగు అంచు, రాజ్యం అంచు కనీసం రెండు చోట్ల కలవకుండా ఉండాలి. అలా లేకపోతే రంగు చెరిపి మళ్ళీ వేయండి, రాజ్యాన్ని కదపొద్దు. ఐదో పాఠంలో ఊళ్ళకు పేర్లు పెట్టడానికి ఈ రంగులే కావాలి.