అరబ్బీ ప్రేమ సాహిత్యం చదవడం ఎలా: విజయనగరం చదువరులకు ఒక క్రమం

అరబ్బీ సాహిత్యంలో ప్రేమ, కామం అనగానే మన జిల్లాల చదువరులలో చాలామందికి తోచేవి రెండే: వెయ్యిన్నొక్క రాత్రుల కథలు, లైలా మజ్నూల కథ. ఈ రెండింటిలో దేనితోనూ చదువు మొదలుపెట్టవద్దని నా సలహా. మొదటిదానికి ఐరోపా అనువాదకుల అభిరుచి దట్టంగా అంటుకొని ఉంది. రెండోది నిజామీ 1188లో రాసిన పారశీక కావ్యం మీదుగా పెరిగి మనదాకా వచ్చింది. అరబ్బులు తమ ప్రేమను తాము ఎలా చెప్పుకొన్నారో తెలియాలంటే ఎడారి కవిత్వం దగ్గర మొదలుపెట్టి కాలక్రమంలో ముందుకు రావాలి. విజయనగరంలో నలుగురైదుగురు పక్షానికొకసారి కూర్చుని చదువుకోవడానికి వీలైన క్రమాన్ని ఇక్కడ రాస్తున్నాను.

ముందుగా అనువాదాల సంగతి. అరబ్బీ రానివారికి ఇంగ్లీషే ఆధారం కనుక, ఏ పద్యానికైనా రెండు అనువాదాలను పక్కపక్కన పెట్టుకోవాలి. ఒకే అనువాదాన్ని నమ్ముకోకూడదనడానికి మన ఊళ్లోనే పెద్ద ఉదాహరణ ఉంది. ఆదిభట్ల నారాయణదాసు గారు ఉమర్ ఖయ్యాం రుబాయీలను చేపట్టినప్పుడు ఫిట్జెరాల్డ్ ఇంగ్లీషుతో తృప్తిపడక, పారశీక మూలాన్ని కూడా పట్టుకొని, సంస్కృతంలోకీ అచ్చతెలుగులోకీ తెచ్చి 1932లో ప్రకటించారు. ఖయ్యాం రుబాయీలు పారశీకంలోనివి కనుక మన పట్టికలో చేరవు. దాసుగారి జాగ్రత్త మాత్రం మనకు కావాలి.

మొదటి సమావేశానికి ఇమ్రుల్ ఖైస్ చాలు. ఆరో శతాబ్దపు ఈ కవి తన ప్రసిద్ధ ఖసీదాను, అంటే అరబ్బీ దీర్ఘ పద్యాన్ని, ఇద్దరు తోడివారిని ఆగమని, వెళ్లిపోయిన ప్రియురాలినీ ఆమె విడిదినీ తలచుకొని ఏడుద్దామని అడుగుతూ ఎత్తుకుంటాడు. ఖసీదాకు ఎత్తుగడగా వచ్చే ఈ విరహ భాగాన్ని నసీబ్ అంటారు. గుడారాలు ఎత్తేశారు, ఇసుకలో గుర్తులు మిగిలాయి, మనిషి లేదు. మనకు ఇది విప్రలంభ శృంగారంగా వెంటనే పట్టుబడుతుంది, అలా చదవడంలో తప్పు లేదు. అయితే మన నాయికా భేదాల చట్రంలో దీన్ని బిగించవద్దు. ఇక్కడ నాయిక కనిపించదు, మాట్లాడదు. ఆమె వదిలివెళ్లిన చోటే కవికి ఎదురుగా ఉంటుంది. కొద్ది చరణాల తరువాత అదే కవి తన పాత సాహసాలను, స్త్రీల గుడారాల్లోకి దూరిన సంగతులను దాపరికం లేకుండా చెప్పుకొంటాడు. ఏడుపూ కామమూ ఒకే పద్యంలో, ఒకదాన్నొకటి ఖండించకుండా ఉండడాన్ని ఇక్కడే గమనించాలి. ముందు ముందు చదివేవాటికి ఇదే తాళంచెవి.

వెంటనే కఅబ్ ఇబ్న్ జుహైర్ పద్యాన్ని చదవాలి. సుఆద్ అనే స్త్రీ వెళ్లిపోయిందని, మనసు ఆమె వెంటే బందీ అయిందని అది మొదలవుతుంది. ఈ పద్యాన్ని కవి ప్రవక్త ముహమ్మద్ ఎదుటే చదివాడని, ఆయన తన పైవస్త్రాన్ని తీసి అతనికి బహూకరించాడని సంప్రదాయం చెబుతుంది. మతం వేరు, ప్రేమ కవిత్వం వేరు అనే మన తొందరపాటు ఊహను సరిచేయడానికి ఇంతకంటె మంచి పాఠం లేదు. ఊళ్లో అరబ్బీ చదువుకున్న పెద్దలు ఎవరైనా పరిచయముంటే, అర్థం చెప్పమని కాకపోయినా, ఈ పద్యాన్ని ఒకసారి పైకి చదివి వినిపించమని అడగండి. ఛందస్సు చెవిన పడకుండా ఖసీదా సగమే అందుతుంది.

ఏడో శతాబ్దం చివరికి వచ్చేసరికి దారి రెండుగా చీలుతుంది. ఉజ్రా తెగకు చెందిన జమీల్, బుసైనాను మాత్రమే జీవితాంతం కోరి, ఆమె మరొకరి భార్య అయిన తరువాత కూడా ఆమెనే పాడాడు. మక్కా నగరవాసి ఉమర్ ఇబ్న్ అబీ రబీఆ హజ్ యాత్రకు వచ్చిన స్త్రీలతో పరిచయాలను, దొంగ కలయికలను, వారి సంభాషణలతో సహా రాశాడు. ఇద్దరినీ ఒకే రోజు చదవండి. మజ్నూను కూడా ఇక్కడే పలకరించవచ్చు; పదో శతాబ్దపు ‘పాటల పుస్తకం’ కితాబ్ అల్ అగానీలో అతని గురించి విడివిడి ఉదంతాలు, పద్యాలు, అతడు అసలు ఉన్నాడా అనే సందేహాలు కూడా కనిపిస్తాయి తప్ప, మనకు తెలిసిన నిండు కథ కనిపించదు.

అబూ నువాస్‌కు ముందు నసీబ్ తప్పక చదివి ఉండాలి. బాగ్దాదు వైభవ కాలపు ఈ కవి, శిథిలమైన విడిది ముందు నిలబడి ఏడ్చేవాణ్ణి ఎగతాళి చేసి, తాను మాత్రం మద్యశాల ఎక్కడుందని అడుగుతాడు. అతని పద్యాల్లో చాలాచోట్ల ప్రియుడు మగవాడే. పాత ఇంగ్లీషు అనువాదకుల్లో కొందరు ఇలాంటి చోట్ల స్త్రీని పెట్టి రాశారు. రెండు అనువాదాలు ఉండాలని అన్నది ఇందుకే. స్త్రీలు, పురుషులు కలిసి కూర్చునే బృందంలో ఇటువంటి పుటలను ముందే అందరికీ పంచిపెట్టాలి, ఇష్టం లేనివారిచేత పైకి చదివించకూడదు. మన కావ్యాలు, పదాలు శృంగారానికి నిండైన పదజాలాన్ని ఇచ్చాయి కనుక గుసగుసలు, నవ్వులు లేకుండానే మాట్లాడుకోవచ్చు.

ఎక్కువ కాలం గడపవలసింది స్పెయిన్‌లోని కొర్దోబా పండితుడు ఇబ్న్ హజ్మ్ దగ్గర. ఆయన 994లో పుట్టి 1064లో మరణించాడు; కరుకైన ధర్మశాస్త్రవేత్తగా పేరుపొందాడు. ఒక మిత్రుడు అడిగితే షాతిబా పట్టణంలో ఉండగా ‘పావురాయి కంఠహారం’ రాశాడు. ముప్ఫై అధ్యాయాల ఈ గ్రంథం ఒకే ఒక్క వ్రాతప్రతిగా, అదీ లేఖకుడు పద్యాలను చాలావరకు కుదించిన రూపంలో, లైడెన్‌లో మిగిలింది. ప్రేమ గుర్తులు, కలలో చూసి ప్రేమించడం, వర్ణన విని ప్రేమించడం, కంటిసైగలు, ఉత్తరాలు, దూత, కాపలాదారు, చాడీకోరు, కలయిక, ఎడబాటు, మరణం అంటూ నడిచి, చివరి రెండు అధ్యాయాల్లో పాపాన్ని నిందించి నిగ్రహాన్ని పొగుడుతాడు. సమావేశానికి మూడు నాలుగు అధ్యాయాలకు మించవద్దు. దూత అధ్యాయం పక్కన మన పదాల్లోని సఖిని పెట్టి చూడండి: మన పదంలో చాలాసార్లు నాయికే సఖితో మాట్లాడుతుంది; ఇక్కడ పురుషుడు, తాను చూసినదీ పడినదీ సాక్ష్యంలా చెబుతాడు. ఇరవై ఏళ్లు నిండకముందే తాను ప్రేమించిన నుఅమ్ చనిపోతే ఏడు నెలలు ఒంటిమీది బట్టలు విడవలేదని ఆయనే రాసుకున్నాడు. చిన్ననాట స్త్రీల మధ్య పెరిగానని, ఖురాన్ నేర్పినదీ, పద్యాలు వల్లె వేయించినదీ, రాత దిద్దించినదీ వారేనని కూడా చెప్పాడు. ఈ వాక్యాలు చదివిన తరువాత చివరి అధ్యాయాల్లోని నిగ్రహ బోధ మనిషి గుండె తెలిసినవాడి మాటగా వినిపిస్తుంది.

అయితే నుఅమ్ ఆయన బానిస. దీన్ని దాటవేయకూడదు. అరబ్బీ ప్రేమ కవిత్వంలోని ఎందరో ప్రియురాళ్లు కొనబడినవారు, అమ్మబడినవారు. ఖియాన్ అనే గాయనులకు సంగీతం, కవిత్వం నేర్పించి ఎక్కువ ధరకు అమ్మేవారు. ఇనాన్, అరీబ్ వంటివారు స్వయంగా కవయిత్రులు. మధురవాణి పుట్టిన ఊరివాళ్లం కనుక మనకు వెంటనే కళావంతులు గుర్తుకు వస్తారు. పోలిక కొంతవరకే నిలుస్తుంది: విద్య, సంభాషణా చాతుర్యం, పురుషుల బలహీనతను చదవగల తెలివి రెండుచోట్లా ఉన్నాయి, కానీ ఖైనా, అంటే ఖియాన్‌లో ఒకతె, చట్టం దృష్టిలో యజమాని ఆస్తి. ఆమె ప్రేమ మాటల్లో ఎంత ఇష్టమో, ఎంత నిర్బంధమో అని ప్రతి పద్యం దగ్గరా అడగవలసిందే. దీనికి జోడుగా, స్వతంత్రురాలైన కొర్దోబా రాకుమార్తె వల్లాదా పద్యాలు చదవాలి. కోరినవాడికి ముద్దిస్తానని ఆమె తన వస్త్రంమీదే అక్షరాలు కుట్టించుకున్నదని చెబుతారు.

ఇప్పుడు వెయ్యిన్నొక్క రాత్రులు తెరవవచ్చు. ఫ్రెంచి అనువాదకుడు గాలాఁ తెప్పించుకున్న పాత సిరియా వ్రాతప్రతిని అనుసరించి హుసేన్ హద్దావీ 1990లో చేసిన ఇంగ్లీషు అనువాదం మేలు. అందులో కూలివాడు, బాగ్దాదు ముగ్గురు స్త్రీల కథ ఒక్కటి చదివినా చాలు.

ఆధునికుల్లో సిరియా కవి నిజార్ ఖబ్బానీని ఒక సాయంత్రంలో చదవవచ్చు. నవలల్లో ఒమాన్ రచయిత్రి జోఖా అల్ హార్సీ నవలను ఎన్నుకోండి. దాని ఇంగ్లీషు అనువాదానికి 2019లో అంతర్జాతీయ బుకర్ బహుమతి వచ్చింది. మన శ్రీకాకుళం, విజయనగరం పల్లెల నుంచి గల్ఫ్‌కు పనికి వెళ్లివచ్చినవారు ఉంటే వారిని తప్పక పిలవండి; ఆ ఇళ్ల లోపలి జీవితం గురించి వారు అడిగే ప్రశ్నలు మనకు తోచవు. ఆ నవలలో జరీఫా అనే బానిస స్త్రీ వ్యాపారి సులైమాన్‌కు పడక తోడు, అతని కొడుకుకు పెంపుడు తల్లి. ఒమాన్‌లో బానిసత్వం రద్దయింది 1970లో. జరీఫా వచ్చే అధ్యాయాలను చదివేటప్పుడు నుఅమ్ గురించిన పుటలను పక్కనే తెరిచి ఉంచండి.