మూకీ సినిమాకు ఒగ్గు డోలు: ఊళ్లో ప్రదర్శన పెట్టే పద్ధతి

1925లో డెన్మార్క్‌లో కార్ల్ డ్రెయర్ తీసిన మూకీ సినిమా ‘మాస్టర్ ఆఫ్ ది హౌస్’ ఉరుకులాటల కామెడీ కాదు. పొద్దస్తమానం పెండ్లాన్ని సతాయించే విక్టర్‌ను, చిన్నప్పుడు వాణ్ని సాకిన ముసలమ్మ మాడ్స్ దారికి తెచ్చే కథ. భార్య ఈడాను ఇల్లు దాటించి ఇంటిపనంతా వాడి మెడకే కడతది. నల్లగొండ పల్లెల్లో ఆడవాళ్లకు ఇది విప్పి చెప్పాల్సిన పని లేదు. తెరమీది కథను మాటల్లో చెప్పేటోడు, ఒగ్గుకథలో వాయించే డోలు కుదిరితే చాలు.

ముందు తెర. ఈ బొమ్మ వెడల్పు 4 పాళ్లయితే ఎత్తు 3 పాళ్లు. ఎనిమిదడుగుల వెడల్పు, ఆరడుగుల ఎత్తు సరిపోతది. తెల్ల దుప్పటిని రెండు మడతలేసి, గంజి పెట్టి, బొంగులకు నాలుగు దిక్కులా బిగించాలె. కింద వదిలేస్తే గాలికి మొఖాలు వంకర పోతయి.

ఎక్కువమంది తప్పేది దూరం లెక్కలో. ఇప్పటి ప్రొజెక్టర్లు ఎక్కువగా వెడల్పు బొమ్మవి, 16 పాళ్ల వెడల్పుకు 9 పాళ్ల ఎత్తు. ఆరడుగుల ఎత్తు రావాలంటే దాని పూర్తి వెలుగు పదడుగుల ఎనిమిదంగుళాలు పరుచుకోవాలె, పక్కలు నల్లగనే ఉంటయి. వెడల్పుకు ఒకటిన్నర రెట్ల దూరం అడిగే ప్రొజెక్టరైతే పదహారడుగుల దూరంలో పెట్టాలె. పక్కల నలుపు పోవాలని బొమ్మను సాగదీయొద్దు, మనుషులు పొట్టిగ, లావుగ కనపడతరు.

మనుషులు గబగబా నడుస్తుంటే వేగం ఎక్కువైనట్టు. ప్లేయర్‌లో 0.9కి, అవసరమైతే 0.8కి తగ్గించాలె.

తెరమీది అక్షరాలన్నీ ముందే నెంబర్లేసి రాసుకొని, మన మాటల్లోకి మార్చాలె. అక్షరాలు పోకముందే మాట అయిపోవాలె. మాడ్స్ పెద్దమనిషైన విక్టర్‌ను మూలకు నిలబెట్టే చోట, “పోరడా, మూలకు నడువ్!” అంటే చాలు. బొమ్మను ఆపి వివరిస్తే నవ్వు చచ్చిపోతది.

కామెడీ అని డోలు మొదటినుంచే మోగిస్తరు, అదే పెద్ద తప్పు. మొదటి భాగంలో ఈడా తన రొట్టెమీది వెన్నను గీకి మొగని రొట్టెకు రాస్తది. అక్కడ నవ్వు రావొద్దు. కంజీర చర్మం మీద వేలితో మెల్లగ రుద్దితే కత్తి గీసినట్టే వినపడతది. డోలు మాడ్స్ పంతం పట్టినంక అందుకోవాలె, తాళాలు దాని వెనక. విక్టర్ మూలకు నిలబడ్డప్పుడు మాత్రం అన్నీ ఒక్కసారి ఆపేయాలె. ఆ నిశ్శబ్దంలనే జనం నవ్వు లేస్తది. అది అణిగేదాక కర్ర ఎత్తొద్దు.