శ్రీకాకుళం పిజ్జా షాపుకి రెండో బ్రాంచి పెట్టాలంటే

షాపు బాగా నడుస్తోంది, విజయనగరంలో ఇంకోటి పెట్టేద్దాం అని ఇంట్లో అనుకుంటున్నారా? ముందు ఒకటి చూడండి. పిండి కలిపే అన్నయ్యో వదినో వారం రోజులు ఊరెళ్లినా పిజ్జా అదే రుచితో వస్తోందా? రాకపోతే బ్రాంచి మాట ఇప్పుడే వద్దు.

చేతి అందాజులో ఉన్న కొలతలు కాగితం మీదికి రావాలి. కిలో మైదాకి 600 గ్రాముల నీళ్లు, 20 గ్రాముల ఉప్పు, 3 గ్రాముల ఇన్‌స్టంట్ ఈస్ట్‌తో మొదలుపెట్టి మీ పిండికి తగ్గట్టు సరిచేసుకోండి, నీళ్లు కూడా తూకమే వేయండి, మే నెల ఉక్కకి పిండి గబగబా పొంగిపోతుంది కాబట్టి ఐసునీళ్లతో కలిపి, ఉండలు చేసి, 4 డిగ్రీల ఫ్రిజ్‌లో ఒక రోజు ఉంచండి. పిండి, సాస్ ఒక్కచోటే చేసి ఐస్‌బాక్సుల్లో పంపితే రుచి మారదు. అందుకే నా మాట వింటే విజయనగరం కంటే ముందు ఆమదాలవలస లాంటి దగ్గరి ఊళ్లో పెట్టండి.

ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ (ఆహార భద్రత చూసే కేంద్ర సంస్థ) లైసెన్సు ప్రతి షాపుకీ విడిగా తీసుకోవాలి. 5% జీఎస్టీ రెస్టారెంటుకి ఓవెన్, చీజ్ మీద కట్టిన పన్ను వెనక్కి రాదు, దాన్ని ఖర్చులోనే లెక్కేయండి.

ఇక డబ్బు. 1958లో కార్నీ సోదరులు అమ్మ దగ్గర 600 డాలర్లు తీసుకునే పిజ్జా హట్ మొదలుపెట్టారు, ఇంటి డబ్బు పెట్టడంలో తప్పేం లేదు. కానీ ఎవరు ఎంత పెట్టారు, లాభంలో ఎవరి వాటా ఎంత అన్నది రాసి సంతకాలు పెట్టుకోండి, బావగారి ముందు కాగితం తీయడానికి మొహమాటంగా ఉన్నా సరే. కౌంటర్లో కూర్చునేవాళ్లకి జీతం విడిగా ఇవ్వండి, వాటాతో కలపొద్దు.