ఇచ్చిన అప్పు తిరిగి రానప్పుడు: పోలీస్ స్టేషన్ పరిధి, సివిల్ కోర్టు దారి

ప్రోనోటు మీద ఇచ్చిన డబ్బు వెనక్కి రాకపోతే మన రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ చాలామంది మొదట వెళ్లేది పోలీస్ స్టేషన్‌కే. ఎస్సై గారు పిలిపించి గట్టిగా మాట్లాడితే పని అయిపోతుందన్న ఆశ సహజమే కానీ, అప్పు వసూలు చేసే అధికారాన్ని చట్టం పోలీసులకు ఇవ్వలేదు. స్టేషన్‌లో కుదిరిన పంచాయితీకి డిక్రీ (సివిల్ కోర్టు తీర్పు ఉత్తర్వు) విలువ ఉండదు. బెదిరించి సంతకం పెట్టించారని అవతలివారు తర్వాత అడ్డం తిరగవచ్చు. అంతకంటే పెద్ద నష్టం మరొకటి ఉంది. స్టేషన్ చుట్టూ తిరిగిన నెలలను కోర్టు గడువులోంచి మినహాయించరు.

అందుకే ముందుగా నోటు మీద తేదీ చూసుకోండి. అడిగినప్పుడు చెల్లిస్తానని రాసిన ప్రోనోటుపై, రాసిన తేదీ నుంచి 3 సంవత్సరాల లోపు దావా వేయాలి. ఆ తర్వాత అది కాలదోషం పట్టిన బాకీ అవుతుంది. గడువు ముగియకముందే బాకీదారు కొంత చెల్లించి, ఆ చెల్లు వివరం నోటు వెనుక స్వయంగా రాసినా, రాసినదాని కింద సంతకం చేసినా, ఆ చెల్లింపు తేదీ నుంచి మళ్లీ 3 సంవత్సరాలు లభిస్తాయి. నోటిమాటగా ‘ఇస్తాను’ అంటే గడువు పెరగదు. రెవెన్యూ స్టాంపు లేని ప్రోనోటును తర్వాత జరిమానా కట్టి సరిచేసుకునే వీలు కూడా లేదని గుర్తుంచుకోండి.

పోలీసుల పని అసలే లేదని కాదు. తీసుకునేనాడే మోసపుచ్చే ఉద్దేశం ఉంటే, అంటే తనది కాని స్థలాన్ని చూపి అడ్వాన్సు పుచ్చుకోవడం, దొంగ పత్రాలు సృష్టించడం వంటివి జరిగితే, భారతీయ న్యాయ సంహిత 318వ సెక్షన్ వంటి నిబంధనల కింద ఫిర్యాదు చేయవచ్చు. వాణిజ్య వివాదాల్లో కేసు నమోదుకు ముందు ప్రాథమిక విచారణ జరపవచ్చని సుప్రీంకోర్టు 2013లో లలితా కుమారి కేసులో చెప్పింది. తీర్చే శక్తి లేక ఆగిపోయిన అప్పును మోసంగా చిత్రించి ఫిర్యాదు రాయడం మాత్రం తప్పు. అది రేపు మీ సివిల్ దావాకే చేటు తెస్తుంది.

దావాకు ముందు లాయరు ద్వారా స్పీడ్ పోస్టులో నోటీసు పంపండి. ప్రోనోటు లేదా రాతపూర్వక ఒప్పందం ఉన్నవారు సివిల్ ప్రొసీజర్ కోడ్ 37వ ఆర్డరు కింద సమ్మరీ దావా (త్వరగా తేలే దావా) వేయవచ్చు. సమన్లు అందిన 10 రోజుల్లో ప్రతివాది హాజరు నమోదు చేసుకోవాలి. డిక్రీని ఎగ్గొట్టడానికి ఆస్తి అమ్మేస్తున్నారన్న ఆధారం ఉంటే, 38వ ఆర్డరు కింద తీర్పుకు ముందే జప్తు కోరండి. ఆలస్యమైతే డిక్రీ కాగితమే మిగులుతుంది. డిక్రీ అమలుకు 12 సంవత్సరాల లోపు ఈపీ (ఎగ్జిక్యూషన్ పిటిషన్, అంటే అమలు దరఖాస్తు) వేయాలి.

చెక్కు బౌన్స్ అయితే లెక్క వేరు: బ్యాంకు సమాచారం అందిన 30 రోజుల్లో నోటీసు, అది అందాక చెల్లింపుకు 15 రోజులు, ఆపై నెల లోపు మేజిస్ట్రేట్ ఎదుట ఫిర్యాదు.

రాజీకి ఇద్దరూ సిద్ధమైతే దానికి తగిన చోటు స్టేషన్ కాదు, లోక్ అదాలత్. అక్కడి అవార్డు డిక్రీతో సమానం, దానిపై అప్పీలు ఉండదు, పెండింగు దావా అయితే కట్టిన కోర్టు ఫీజు తిరిగి వస్తుంది. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం లభిస్తుంది. దీనికోసం న్యాయ సహాయ హెల్ప్‌లైన్ 15100 నంబరుకు ఫోన్ చేయవచ్చు.