వానలకు ముందు ఇసుక లారీ ఓనర్లకు: జరిమానా పడకముందే చూసుకోవాల్సినవి

మే నెలాఖరు వచ్చేసరికి విశాఖలో ఇసుకకి ఒకటే హడావిడి. వానాకాలంలో నదిలో తవ్వకాలు ఆపాలని మార్గదర్శకాలు ఉన్నాయి కాబట్టి ఈలోగానే శ్లాబులు వేసేయాలని మేస్త్రీలు తొందరపెడతారు. నాగావళి, వంశధార ఇసుక రాత్రంతా హైవే మీద దిగుతూనే ఉంటుంది. తనిఖీలు ముమ్మరమయ్యేదీ అప్పుడే. బండి పట్టుబడ్డాక లాయరునైన నా దగ్గరికి వచ్చే ఓనర్లు ముందుగా అడిగేది "హైకోర్టుకి వెళ్దామా సార్" అని. నేను ముందు అడిగేది ఆ రాత్రి కాగితాల గురించి.

ఉచిత ఇసుక కదా, పర్మిట్ ఎందుకనుకునేవాళ్లు ఇంకా ఉన్నారు. ఉచితమన్నది ఇసుక ధరకే. ఏ స్టాక్ పాయింట్ నుంచి ఏ బండి ఎక్కడికి వెళ్తోందో చూపే కాగితం, అంటే పాస్, లారీలో ఉండాల్సిందే. 1957 నాటి గనులు, ఖనిజాల చట్టంలో 4(1ఎ) సెక్షన్ ప్రకారం నిబంధనలకు విరుద్ధంగా ఖనిజాన్ని రవాణా చేయడమే నేరం. 21వ సెక్షన్ కింద అయిదేళ్ల దాకా జైలు పడవచ్చు.

పాస్ మీది టైము దగ్గరే ఎక్కువమంది దొరికిపోతారు. ఒక డ్రైవరు శ్రీకాకుళం నుంచి వస్తుంటే తగరపువలస దాటాక టైరు పోయింది. రిపేరు చేయించి బయల్దేరేసరికి పాస్ గడువు దాటి గంటన్నర అయింది, ఆనందపురంలో ఆపేశారు. అతను పంక్చరు షాపు చీటీ దాచాడు. నాతవలస టోల్ దగ్గర ఫాస్టాగ్ మెసేజ్ ఓనరు ఫోన్‌లో ఉంది. సంజాయిషీకి ఆ రెండూ జతచేశాం. అవి లేకపోతే అతని మాట ఎవరు నమ్ముతారు? మరో బండిలో పాస్ అద్దం కింద ఎండకి మాడి అక్షరాలే కనబడలేదు. అందుకే లోడ్ అవ్వగానే పాస్‌నీ కాటా చీటీనీ ఫోటో తీసి ఓనరుకి పంపించమని డ్రైవర్లకు చెప్పండి.

బండి ఆపాక గొడవపడొద్దు. ఖాళీ కాగితం మీద మాత్రం సంతకం పెట్టొద్దు. పంచనామాలో చోటు, టైము, బరువు రాశారో లేదో చదివించుకోండి. కంటిచూపుతో బరువు రాస్తుంటే కాటా వేయించమని అడగండి. జరిమానా లెక్క తర్వాత ఆ అంకె మీదే నడుస్తుంది. షోకాజ్ నోటీసు వస్తే గడువులోపు రాతపూర్వకంగా జవాబిచ్చి, అందినట్టు ముద్ర వేయించుకోండి. నోటీసే ఇవ్వకుండా, మీ మాట వినకుండా జరిమానా వేస్తే ఆ ఉత్తర్వును సవాలు చేయడానికి అదే గట్టి కారణం.

జరిమానా కట్టేస్తే పీడా పోతుందనుకోవడం నేను చూసిన పెద్ద పొరపాటు. 2020లో జయంత్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది: కేసు రాజీ చేసుకోవడానికి అధికారులకు సొమ్ము కట్టినా గనుల చట్టం కింద కేసే ఆగుతుంది, దొంగతనం కేసు నడవచ్చు. కాబట్టి కట్టేముందు ఎఫ్ఐఆర్ ఉందేమో కనుక్కోండి. కట్టక తప్పకపోతే, అభ్యంతరంతో కడుతున్నామని లేఖ రాసి ఇవ్వండి. ఒప్పుకోలు కాగితం మీద సంతకం చేశాక సవాలు చేయడం చాలా కష్టం.

సీజ్ చేసిన బండిని శాశ్వతంగా జప్తు చేసే అధికారం ఆ చట్టంలో 21(4ఎ) ప్రకారం కోర్టుది. కేసు తేలేదాకా బండి స్టేషన్‌లో తుప్పు పట్టనక్కర్లేదు. పూచీకత్తు తీసుకుని ఇవ్వొచ్చని 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే ఆర్‌సీ, ఇన్సూరెన్స్ మీ పేరున సరిగ్గా ఉండాలి. కొని పేరు మార్పించుకోని బండ్లతోనే నాకు టెన్షన్.

ఇక హైకోర్టు. పాస్ ఉందా లేదా, బరువెంత అన్న తగువులు రిట్‌లో, అంటే అధికారుల ఉత్తర్వు మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్‌లో, తేలవు. అప్పీలు దారి ఉంటే ముందు అక్కడికే వెళ్లమంటారు. అధికారం లేనివాళ్లు ఉత్తర్వు ఇచ్చినా, వినకుండా ఇచ్చినా రిట్‌కి బలం ఉంటుంది. అప్పీలుకి ఎన్ని రోజులుందో ఉత్తర్వు చేతికొచ్చిన రోజే చూసుకోండి.

దొంగ ఇసుకకు వత్తాసుగా ఇదంతా రాయడం లేదు. ఏటిని లోతుగా తవ్వితే ఒడ్డు ఊళ్లలో బోర్లు ఎండుతాయి, వంతెన స్తంభాల కింద నేల కోసుకుపోతుంది. పాస్ లేని లోడు ఎత్తమని ఎవరు అడిగినా, బాడుగ ఎంత ఇస్తానన్నా ఎత్తొద్దు. ఆ కేసు నేను కూడా తీసుకోను.